మనిషికి ఐదు రొయ్యలు

"మనిషికి ఐదు. నిన్ను నువ్వు కలుపుకోకు. వండేదానికి వాసనతోనే కడుపు నిండిపోతుంది లేవే." పెళ్లయిన కొత్తలో రొయ్యలు ఒలుస్తూ అత్తయ్య చెప్పిన లెక్క ఇది. పదమూడేళ్లుగా అదే లెక్క. ఇవాళ ఆమె మొదటి తద్దినానికీ అదే. ఇంట్లో నేను కాక ఏడుగురు, ముప్పై ఐదు. అత్తయ్య ఫొటో ముందు పెట్టే పళ్లెంలో ఐదు. పొద్దున్నే మొక్పో రేవుకెళ్లి సరిగ్గా నలభై ఏరి తెచ్చాను. తోక పట్టుకుని ఒక్కొక్కటీ గుడ్డు సొనలో ముంచి వేయించాను. నాకు ఒక్కటైనా మిగల్లేదు. మిగిలితే లెక్క తప్పినట్టే.

ఆమె మాత్రం ఎప్పుడు తిన్నది గనక? వంటింటి తొట్టి దగ్గర నిలబడి, ఎవరో వదిలేసిన ముక్క నోట్లో వేసుకుని, అదే చేత్తో గిన్నెలు తోమేది. ఆసుపత్రిలో చివరి వారం నా చెయ్యి పట్టుకుని, "వేడి రొయ్య ఎలా ఉంటుందే సొన్‌జూ? మర్చిపోయాను," అంది. నేను నవ్వేశాను. ఆ నవ్వు తలుచుకుంటే నా మీద నాకే అసహ్యం వేస్తుంది.

దణ్ణాలయ్యాయి. పోయినావిడ నిదానంగా తినాలని తలుపు మూసి అందరం వరండాలో నిలబడ్డాం. అప్పుడు వినిపించింది, వంటింట్లో గిన్నెలు తోముతున్న చప్పుడు.

"కుళాయి కట్టలేదా? ఏం మనిషివే నువ్వు!" మా ఆయన గితే విసుక్కున్నాడు.

కట్టాను. ఎనిమిది మందిమీ ఇక్కడే ఉన్నాం.

వస్తున్నామని లోపలున్నావిడకి తెలిసేలా మామయ్య మూడుసార్లు దగ్గి తలుపు తీశాడు. ఫొటో ముందు అన్నీ పెట్టినవి పెట్టినట్టే ఉన్నాయి. రొయ్యల పళ్లెం మాత్రం ఖాళీ.

"మీ అత్తకి రొయ్యలు పెట్టడమే మరిచావా! ఇన్నేళ్లూ ఏం నేర్చుకున్నావమ్మాయ్?"

పెట్టాను. నా చేత్తో ఐదు పేర్చాను. వంటింట్లోకి పరిగెత్తాను. కుళాయి పారుతోంది. తొట్టి అంచున రెండు తోకలు. పక్కన బోర్లించిన గిన్నె. ఎత్తి చూస్తే మూడు రొయ్యలు, ఇంకా పొగలు కక్కుతూ.

రెండు తిని మూడు నాకు దాచింది. చచ్చి కూడా నిలబడే తింది! భయం కంటే ముందు కోపం వచ్చింది, ఆ వెనకే ఏడుపు. రేపు నేను పోయాక కూడా ఈ తొట్టి దగ్గరికే వస్తాను కదా. కుళాయి కట్టబోతే తడి చెయ్యేదో నా వేళ్లని పక్కకి నెట్టింది.

ఆ మూడూ పళ్లెంలో వేసుకుని వెళ్లి, అందరితో పాటు భోజనానికి మా ఆయన పక్కన కూర్చున్నాను. నా పక్కన కూర్చోడానికి ఇంకో మెత్త వేశాను.

"పులుసు ఏదీ? ఆ మెత్త ఎవరికి?" అన్నాడు గితే.

"నేను తిన్నాక తెస్తాను."

రొయ్య కొరికాను. వేడిగా, తియ్యగా ఉంది. వంటింటి వైపు తిరిగి గట్టిగా పిలిచాను.

"అత్తయ్యా, గిన్నెలు మీ అబ్బాయి తోముతాడు. మీరొచ్చి కూర్చోండి."

లోపల నీళ్ల చప్పుడు ఆగింది.