ముహ్లిస్ గొంతు

ముహ్లిస్ అద్దం ముందు నిలబడి మీసానికి నల్లరంగు పట్టిస్తున్నాడు. దట్టమైన కనుబొమలు, ఎద్దులాంటి మెడ, చెంప మీద చిన్నప్పటి గాటు. ఈ మొహమే ఇన్నేళ్ళూ ఆయనకు తిండి పెట్టింది. ఇస్తాంబుల్ సినిమాల్లో కథానాయికను ఎత్తుకుపోయేదీ ఆయనే, చివర్లో కథానాయకుడి చేతిలో చచ్చేదీ ఆయనే.

"రంగు వాసనొస్తోంది. ఇవాళ ఎవర్ని ఎత్తుకుపోతున్నావయ్యా?" అంది భార్య నెజిహె, గ్లాసు అంచుకు వేలు ఆనించి టీ పోస్తూ.

"ఎవర్నీ లేదు. ఇవాళ చావడమే."

"అయితే తొందరగా చచ్చి వచ్చెయ్. పప్పు సూపు రెండోసారి వేడి చెయ్యను."

ఆమెకు చూపు పోయి చాలాకాలమైంది. సినిమాల్లో చూపులేని అమ్మాయిలకు ఆఖరి రీలులో కళ్ళొచ్చేస్తాయి. నెజిహె కోసం ఏ డాక్టరూ ఆ రీలు తియ్యలేకపోయాడు. అయినా వేసవి రాగానే ఆయన చెయ్యి పట్టుకుని వీధి చివర ఆరుబయట సినిమాకు వెళ్తుంది. పోయిన వేసవిలో, తెరంతా ఆయనే నిండి ఉన్నప్పుడు, మోచేత్తో పొడిచి "నువ్వింకా రాలేదా?" అని అడిగింది. ఆయనకు ఆ రాత్రి అన్నం సయించలేదు.

తప్పు ఆమెది కాదు. ఇక్కడ షూటింగులో గొంతులు రికార్డు చెయ్యరు. పక్కనుంచి ఒకడు మాటలు అందిస్తుంటే నటులు పెదాలు కదుపుతారు. తర్వాత స్టూడియోలో ఎవరో గొంతు అరువిస్తారు. ముహ్లిస్‌ది పిట్టగొంతు. ఆ మొహానికి అది నప్పదని మొదటి సినిమాకే తేల్చేశారు. అప్పటినుంచీ ఆయన నోట్లోంచి సాదెత్తిన్ గొంతే ఉరుముతోంది. బజార్లో ఆయన వంకాయలు బేరమాడితే కూరగాయలవాడు ఇప్పటికీ ఆయన వెనకాల ఎవరున్నారా అని చూస్తాడు.

జలసంధి మీద మంచు కమ్ముకుంది. కూతలే తప్ప ఓడలు కనబడటం లేదు. ఆ తెల్లదనంలో ముహ్లిస్ నిద్రలో నడిచినట్టు ఏటవాలు వీధి ఎక్కాడు. దారిలో ఆగి ఎడమ భుజం రుద్దుకున్నాడు. ఒకావిడ ఆయన్ని గుర్తుపట్టి పిల్లను తన చాటుకు లాక్కుంది. ఆయన మన్నించమన్నట్టు టోపీ తీశాడు.

షూటింగు ఎప్పుడో అయిపోయింది, ఇవాళ గొంతులు కలిపే రోజు. స్టూడియోలో సాదెత్తిన్ అప్పటికే మైకు ముందున్నాడు. మనిషి చీపురుపుల్ల. ముహ్లిస్ టోపీని చేతుల్లో నలుపుతూ నిలబడ్డాడు.

"అన్నా, ఇవాళ్టి చావు నాకిచ్చెయ్యవా? ఒక్క మాటేగా. నెజిహె వింటుంది."

హాలంతా నవ్వుతుందని డైరెక్టరు అడ్డుపడ్డాడు. సాదెత్తిన్ మైకు ముందునుంచి లేచిపోయాడు.

"చచ్చేవాడి గొంతు సన్నబడదా బాబూ? ఆ మాట మాత్రం నేను చెప్పను."

దీపాలార్పారు. తెరమీద ముహ్లిస్ నెత్తురోడుతూ పడి ఉన్నాడు. చెప్పాల్సింది, తాను పడ్డ బాకీలూ చేసిన తప్పులూ మాఫీ చెయ్యమని పోయే ప్రతివాడూ ఉన్నవాళ్ళను అడిగే మాటే. వాళ్ళు సరేనంటే తేలిగ్గా పోతాడు. మొదటిసారి మాట తెరమీది పెదాలకంటే వెనకబడింది. రెండోసారి కళ్ళు మూసుకుని, గ్లాసు అంచుమీది ఆ వేలిని తలచుకున్నాడు.

"నామీద నీకున్న హక్కంతా హలాల్ చెయ్యి."

ఎవరూ నవ్వలేదు. ఉంచెయ్యమన్నాడు డైరెక్టరు.

ముహ్లిస్ వెనక కుర్చీలో కూర్చున్నాడు. రీలు మళ్ళీ వేశారు. తెరమీద తన నోట్లోంచి తన గొంతే రావడం జీవితంలో మొదటిసారి విన్నాడు. గుండెల మీద చెయ్యి వేసుకుని, మెల్లగా గోడకు ఒరిగాడు. ఆయన చావులు అందరూ ఎన్నో చూసినవాళ్ళే. ఒక్కరూ లేవలేదు.

"బాగా చచ్చావుగానీ లేవవయ్యా, టీ చల్లారిపోతోంది" అన్నాడు సాదెత్తిన్.

వేసవిలో సినిమా వచ్చింది. సాదెత్తిన్ నెజిహెను చెయ్యి పట్టుకుని తీసుకెళ్ళాడు. ఆమె భర్త టోపీని పక్క కుర్చీలో పెట్టుకుంది. చుట్టూ పొద్దుతిరుగుడు గింజలు కొరుకుతున్న చప్పుడు. ఆఖర్లో, చీకట్లోంచి, ఆ పిట్టగొంతు అడిగింది. ముందు వరసలో పిల్లలు కిసుక్కుమన్నారు.

నెజిహె తెరవైపు వంగింది.

"హలాల్ చేశానయ్యా. ఇంక వెళ్ళిరా."

పక్క కుర్చీలో, బూడిదరంగు టోపీ అంచు మీద, మీసపు రంగు అంటిన వేలిముద్రలు నల్లగా అలాగే ఉన్నాయి.