తొమ్మిదో పున్నమి గంజి

ఆ గంజిలో నీచు ఉందా, లేదా? పద్నాలుగేళ్లుగా వెంకటరావును పట్టి పీడిస్తున్న సందేహం ఇదొక్కటే.

అప్పట్లో ఆయన భార్య రత్నావతికి కడుపులో గడ్డ తీయాలన్నారు డాక్టర్లు. వెంకటరావు సత్యనారాయణ స్వామికి మొక్కుకున్నాడు. వరసగా పదకొండు పున్నములు పగలంతా ఉపవాసం, చంద్రుడు పొడిచాక ఒక్క పూట భోజనం, అందులో నీచు తగలకూడదు. మిగతా రోజుల్లో చేపల పులుసు లేనిదే ముద్ద దిగని మనిషికి అది చిన్న మొక్కేమీ కాదు. ఎనిమిది పున్నములు నిష్ఠగానే గడిచాయి. సరిగ్గా తొమ్మిదో పున్నమి నాడే ఆపరేషన్ పడింది. సాయంత్రం దాకా ఆసుపత్రి వరండాలో కూర్చుని, "ఇక రేపు రండి" అని పంపించేస్తే ఇంటికొచ్చి, దీపమైనా వేసుకోకుండా గుమ్మంలో కూలబడ్డాడు.

పక్కిల్లు చేతి తొడుగుల ఫ్యాక్టరీ వాళ్లు అద్దెకు తీసుకున్నది. పనికని మలయ్ దేశానికి తెచ్చిన వియత్నాం ఆడపిల్లల్ని అందులో ఉంచారు. లియెన్ అనే పిల్ల ఆయన్ని చూసింది. ఒకరి భాష ఒకరికి రాదు. లోపలికి పోయి, నీలం అంచున్న ఎనామిల్ గిన్నెలో వేడి గంజి పోసి, మూత పెట్టి తెచ్చి చేతికిచ్చింది. ఇచ్చి, గేటు దగ్గర చేతులు కట్టుకుని, ఆయన తినేదాకా కదలకుండా నిలబడింది. ఆయన ఆకలి మీద ఉన్నాడు, చంద్రుడూ పైకొచ్చేశాడు. తిన్నాడు. గిన్నె అడుగు కనిపించాక గానీ పళ్ల మధ్య ఏదో పీచు చిక్కుకున్న సంగతి తెలియలేదు. గోధుమ రంగులో, ఉప్పగా, కొరికితే సాగే పీచు. కోడి మాంసమూ అచ్చం అలాగే సాగుతుంది.

అడగలేదు. అడిగితే ఉందని చెబుతుందేమోనని భయం. తర్వాత రత్నావతి నయమై ఇంటికొచ్చింది. రెండు నెలలు తిరక్కుండానే ఫ్యాక్టరీ వాళ్లు ఆ పిల్లల్ని ఇంకెక్కడికో మార్చేశారు. గిన్నె మాత్రం ఇక్కడే ఉండిపోయింది.

తొమ్మిదోది చెల్లితే పదకొండు పూర్తయినట్టే. చెల్లకపోతే? ఎందుకైనా మంచిదని పన్నెండోది కూడా చేశాడు. కానీ మొక్కుకున్నది వరసగా కదా, మధ్యలో తెగితే మళ్లీ మొదటి నుంచి రావాలేమో. సరే, మళ్లీ పదకొండు. అందులో ఒకటి జ్వరంతో పోయింది. మళ్లీ మొదలు. ఇద్దరు పూజారులను అడిగితే మూడు జవాబులు వచ్చాయి. చివరికి మానే ధైర్యం లేక పద్నాలుగేళ్లుగా ప్రతి పున్నమికీ పస్తుంటూనే ఉన్నాడు. అప్పుడప్పుడూ ఇంకో ఆలోచన కూడా వచ్చేది. మొక్కు చెడి ఉంటే రత్నావతికి ఎలా నయమైంది? చెడినా స్వామి కాపాడాడంటే, మరి మొక్కెందుకు? బుద్ధి అటు పోగానే చెంపలేసుకుని వెనక్కి వచ్చేసేవాడు.

ఇదేదీ రత్నావతికి తెలియదు, గిన్నె పక్కింటి పిల్లదని మాత్రం తెలుసు. ఆమె ప్రాణం కోసం మొక్కి, ఆమె ఆపరేషన్ బల్ల మీద ఉన్న రోజే నోరు కట్టుకోలేకపోయానని ఏ ముఖం పెట్టుకుని చెబుతాడు? ఆయనకు భక్తి ముదిరిందని ఆమె సరిపెట్టుకుంది.

అలాంటి మనిషిని పట్టుకుని, పున్నమి నాడే, వియత్నాం తిండి టూరుకు బయల్దేరదీశాడు తమ్ముడి కొడుకు ప్రేమ్‌నాథ్.

ప్రేమ్‌నాథ్ ఈ మధ్యే కొత్త వ్యాపారం పెట్టాడు. సాయంత్రం పూట టూరిస్టులను మోటార్‌సైకిళ్ల మీద క్లాంగ్ సందుల్లో తిప్పి, వియత్నాం వాళ్ల బళ్ల దగ్గర తినిపిస్తాడు. ఇండియా నుంచి వచ్చేవాళ్ల కోసం నీచు లేని టూరు ఒకటి కట్టాలని ఆలోచన. ముందు ఇంట్లోవాళ్ల మీద పరీక్షించాలి.

"నువ్వు తిన్నావంటే ఊరంతా తిన్నట్టే లా, పెదనాన్నా," అన్నాడు, మలయ్ వాళ్లలా మాట చివర 'లా' తగిలిస్తూ.

"నాను రాను. ఈ వయసులో రోడ్డెంబడి తిని తిరగడమేటి?"

"ఆఖర్న లియెన్ అక్క బండి ఉంది. మునుపు మీ పక్కింట్లో ఉండీదట కద? చైనా మెకానిక్‌ని పెళ్లాడింది. 'నామం పెట్టుకునే అంకుల్ ఉన్నారా, ఆసుపత్రి ఆంటీ బాగుందా' అని అడిగినాది. నెలాఖరుకి బండి ఎత్తేసి జొహోర్ ఎల్లిపోతన్నారు."

వెంకటరావు చేతిలో కాఫీ గ్లాసు అక్కడే ఆగిపోయింది. వంటింట్లోంచి రత్నావతి పరుగున వచ్చింది.

"ఆ గిన్నె! ఒకరి గిన్నె ఇన్నేళ్లు ఇంట్లో పెట్టుకుంటామేటి? ఎల్దాం. తప్పకుండా ఎల్దాం."

శనివారం అనుకున్నది వానకు ఆగి మంగళవారానికి పడింది. మంగళవారం పున్నమిరా అంటే, "పంచాంగం సంగతి నాకు తెల్దు పెదనాన్నా, నాకు ఖాళీ మంగళవారమే," అన్నాడు వాడు.

ఆ సాయంత్రం రత్నావతి గోధుమరవ్వతో స్వామి ప్రసాదం చేసింది. గిన్నెను చింతపండుతో తోమి, ఒట్టి గిన్నె తిరిగి ఇవ్వకూడదు కాబట్టి దాని నిండా ప్రసాదం పెట్టి, మూత వేసి, గుడ్డ కట్టి, వెంకటరావు పాత కప్చాయ్ మోటార్‌సైకిల్ వెనక సీటు మీద ఒడిలో పెట్టుకుని కూర్చుంది.

"మెల్లగా పోండి, ప్రసాదం ఒలికిపోద్ది."

"ఇంకా మెల్లగా పోతే బండే ఒలికిపోద్ది."

"ముందు పోతన్న గుంటడు ఎడమకి తిరిగినాడు, మీరేటి తిన్నగా పోతన్నారు?"

"వాడు సెయ్యి సూపించింది కుడికే!"

మొదటి బండి రొట్టెలది. ఆగీ ఆగగానే ప్రేమ్‌నాథ్ హెల్మెట్ తీసి, "లేడీస్ అండ్ జెంటిల్‌మెన్!" అని మొదలుపెట్టాడు. ఉన్నది ఒక లేడీ, ఒక జెంటిల్‌మన్. ఇద్దరూ వాణ్ని ఉయ్యాల్లో ఊపినవాళ్లే. వియత్నాంకు రొట్టె ఎవరు తెచ్చారో, ఎందుకు తెచ్చారో ఇంగ్లీషులో పావుగంట చెప్పాడు. రొట్టె చీల్చి కీరదోస, కొత్తిమీర పెట్టి, పైన ఏదో ఎర్రటి నీళ్లు చిలకరించి ఇచ్చింది బండి ఆవిడ. చంద్రుడు రానిదే తినేది లేదు. అయినా వెంకటరావు వాసన చూశాడు.

"ఇదేటి?"

"చేప సాసు. చేప ఉండదు పెదనాన్నా, ఉత్త నీళ్లే."

"చేప నీళ్లలో చేప లేకపోతే మరేటుంటాది, నీ మొహమా?"

రెండో బండి దగ్గర బియ్యపు రేకుల్లో ఆకులు చుట్టిన పొట్లాలు. రేకు పల్చన, లోపలున్నది పైకి కనిపిస్తోంది. కనిపిస్తున్నవి రెండు రొయ్యలు, గులాబీ రంగులో, ఒకదానికొకటి వీపు ఆనించుకుని.

"అవి తీసి పారేస్తే శాకాహారమే లా," అన్నాడు ప్రేమ్‌నాథ్.

వెంకటరావు భార్య వైపు చూశాడు. ఆమె పక్కకు తిరిగి కొంగు నోట్లో కుక్కుకుంటోంది.

మూడోది కాఫీ. గ్లాసు మీద చిల్లుల మూకుడొకటి పెట్టి, అందులో పొడి వేసి నీళ్లు పోస్తారు. కిందికి ఒక్కో బొట్టు దిగుతుంది. దిగాలా, మానాలా అని ఆలోచించుకుని దిగుతున్నట్టు దిగుతుంది. వెంకటరావు గడియారం చూశాడు. ఎనిమిది దాటింది.

"ఎంతసేపురా?"

"తొందర పడకూడదు పెదనాన్నా. దీన్నే ఎక్స్‌పీరియన్స్ అంటారు. ఇలా తిరుగు, వీడియో తీస్తాను. కొంచెం నవ్వు."

"లియెన్ ఎనిమిదిన్నరకి బండి కట్టేస్తాదని సెప్పింది నువ్వే కదా!"

"కట్టేస్తే రేపు పోదాం."

"రేపు నీకు ఖాళీ ఉండదు! ఎల్లుండి వానొస్తాది! ఈలోగా నెలాఖరు అయిపోద్ది!" వెంకటరావు లేచి నిలబడ్డాడు. అంత గొంతు ఆయనకుందని ఆయనకే తెలియదు. పక్క బల్ల వాళ్లు తిరిగి చూశారు. "నువ్వు సెప్పిన టైర్ల షాపు సందే కద, నాకు తెలుసు. రత్నా, లే. ఒరేయ్, నీ బొట్లన్నీ దిగినాక నువ్వు ఎనక రా."

"గిన్నె ఇవ్వడానికి ఇంత కోపమేటండీ?" అంది రత్నావతి, బండి ఎక్కుతూ. ఆయన కిక్కు కొట్టాడు.

టైర్ల షాపు షట్టరు అప్పటికే దించేశారు. దాని ముందు బండి మీద ఒక్క దీపం మిగిలింది. లియెన్ కుర్చీలు ఒకదానిలో ఒకటి దూరుస్తోంది. నలభైకి దగ్గరపడింది, కొంచెం ఒళ్లు చేసింది. వీళ్లను చూసి ఒక్క క్షణం ఆగి, ఆయన నుదుటి మీది నామం చూసి, "అంకుల్!" అని అరిచింది. రత్నావతి చేతులు రెండూ పట్టుకుని ఊపేసింది. పేర్చిన కుర్చీలు మళ్లీ దించింది. అడక్కుండానే కుండ మూత తీసి, గిన్నెలో గంజి పోసి ఆయన ముందు పెట్టింది. పెట్టి, చేతులు కట్టుకుని నిలబడింది. సరిగ్గా ఆనాటి లాగే.

గంజిలో గోధుమ రంగు పీచు తేలుతోంది.

"ఇవాళ పున్నమమ్మా," అన్నాడు వెంకటరావు మలయ్ భాషలో. "నీచు ముట్టను."

లియెన్ నవ్వింది. ఆమె మలయ్ ఇప్పుడు ఆయనకంటే సాఫీగా ఉంది. "పున్నమి కాబట్టే ఇది వండాను అంకుల్. నెలపొడుపుకీ పున్నమికీ మేమూ నీచు తినం. ఎనిమిదేళ్లప్పుడు మా అమ్మమ్మ పెట్టించిన నియమం."

"ఆ ఫ్యాక్టరీ రోజుల్లో కూడానా?" అని అడిగాడాయన.

"అప్పుడు వంటంటేనే ఆ రెండు రోజులు. మిగతా రోజులు షిఫ్టు దిగి వచ్చి ప్యాకెట్ నూడుల్స్ తినేసి పడుకునేవాళ్లం. పున్నమికి మాత్రం ఇంట్లో అందరం కలిసి ఒక కుండ గంజి పెట్టుకునేవాళ్లం. మీకు తెచ్చింది ఆ కుండలోదే."

"మరి అందులో పీచు..."

"ఇదా?" గరిటెతో పైకెత్తి చూపించింది. "లేత పనసకాయ. సోయా నీళ్లలో ఉడకబెట్టి చేత్తో చీలుస్తాం."

వెంకటరావు గిన్నె మీదికి వంగి చూశాడు. పనసపొట్టు! చిన్నప్పుడు సుంగై సిపుట్ రబ్బరు తోటలో, కూలీల లైను ఇంటి వెనక చెట్టున కాయ పడితే చాలు, నాయనమ్మ ఆవ పెట్టి పనసపొట్టు కూర చేసేది. దాన్ని తిని పెరిగిన నోరు ఇది. ఆ నోటికి పనస తెలియలేదు.

"ఏ గంజి? ఏటి పీచు?" అంది రత్నావతి.

ఇక దాచి ప్రయోజనం లేదు. ఆపరేషన్ సాయంత్రం దగ్గర నుంచి ఇద్దరు పూజారుల దాకా అంతా చెప్పాడు. వింటున్నకొద్దీ ఆమె కళ్లు పెద్దవయ్యాయి.

"పనసపొట్టు కోసమా?" అంది చివరికి. "పద్నాలుగేళ్లు పున్నమి పున్నమికీ నాచేత వేరే కుండ, వేరే గరిటి పెట్టించినారు, పనసపొట్టు కోసమా! మా తమ్ముడి పెళ్లి విందులో పెరుగన్నం తిని లేచిపోయినారు! ఒక్క మాట ఆ పిల్లని అడిగితే ఏటి పోయీది?"

"ఉందంటే?" అన్నాడు వెంకటరావు. "అప్పటికి నువ్వింకా ఇంటికి రానేదు."

రత్నావతి కొంగుతో బల్ల మీద లేని తడి తుడిచింది. తర్వాత గంజి గిన్నెను ఆయన ముందుకు జరిపింది.

"సల్లారిపోతాది, బేగి తినండి. వచ్చే పున్నమికి చేపల పులుసే."

"సూద్దాంలే," అన్నాడాయన. షట్టరు పైన, కరెంటు తీగల మధ్య చంద్రుడు కనిపిస్తున్నాడు. ఒకసారి దణ్ణం పెట్టుకుని చెంచా తీశాడు. స్వామి ఈ పద్నాలుగేళ్ల పస్తులను ఏ ఖాతాలో వేసుకున్నాడో అని ఒక కొత్త సందేహం తల ఎత్తింది గానీ, ఆకలి దాన్ని నెట్టేసింది. నిజంగానే పనసే. ఇప్పుడు ఎంత స్పష్టంగా తెలుస్తోందో!

అప్పుడు వచ్చింది ప్రేమ్‌నాథ్ బండి. వాడు హెల్మెట్ తీసి, "లేడీస్ అండ్..." అనగానే, "నోర్ముయ్‌రా," అంది రత్నావతి, వెనక్కి తిరక్కుండానే.

ఆమె ఒడిలోని మూట విప్పి గిన్నెను లియెన్ చేతుల్లో పెట్టింది. లియెన్ నీలం అంచు మీద బొటనవేలు రాసి, అంచున చిన్న సొట్ట దగ్గర ఆగి, తల ఊపింది. మూత తీసింది. నెయ్యి, అరటిపండు వాసన గుప్పున వచ్చింది. ఇదేమిటని గానీ, అందులో ఏముందని గానీ ఆమె అడగలేదు. నిలబడే వేళ్లతో తీసుకుని తినడం మొదలుపెట్టింది.

వెంకటరావు చెంచా కింద పెట్టేశాడు. లేచి, చేతులు కట్టుకుని, ఆమె తినేదాకా అలాగే నిలబడ్డాడు. లియెన్ అడుగున మిగిలినదాన్ని కూడా వేలితో తుడుచుకుని నోట్లో పెట్టుకుంది. గిన్నెను కుళాయి కింద కడిగి, నీళ్లు విదిలించి, బండి మీద మిగతా గిన్నెల పక్కన బోర్లించింది.