సరంగు గంట

ఇంజన్ గదిలోకి దిగి రాఘవులు నూనెగుడ్డతో పైపులు తుడుస్తున్నాడు. పొట్టి మనిషి. ఆ గదిలో తల వంచకుండా నిలబడగలిగేది లాంచీ మొత్తానికి అతనొక్కడే. గోళ్ళ చుట్టూ పట్టిన గ్రీజు ఏ సబ్బుకీ లొంగదు. ఇంజన్ హోరుకి చెవులు సగం పోయాయి. ఇంట్లో భార్య సూర్యావతి అన్నానికి పిలవాలంటే గరిటెతో కంచం మోగించాల్సిందే. మాటకి లేవని మనిషి మోతకి లేస్తాడని ఆవిడ వీధంతా ఆడిపోసుకుంటుంది.

అతని నెత్తిమీద ఇత్తడి గంట వేలాడుతూ ఉంటుంది. దాని తాడు పైగదిలో చుక్కాని పట్టుకునే సరంగు దగ్గరుంటుంది. ఒకటి కొడితే ముందుకి, రెండు కొడితే ఆపు, మూడు కొడితే వెనక్కి. కిందున్న డ్రైవరుకి గోదావరి కనిపించదు. గంట మోగితే చెయ్యి కదపాలి, మోగకపోతే కదపకూడదు. లాంచీకి సరంగే దొర, ఆయన తర్వాతే డ్రైవరు. గెడా తాడూ చూసుకునే కళాసీ ఇద్దరికీ కింద. హోటల్ జయమ్మ పంపే మొదటి టీ సరంగుది. రేవులో దిగే బల్లమీద మొదటి అడుగూ ఆయనదే.

ఆ సరంగు బొమ్మిడి నరసింహస్వామి. ఆయనకీ రాఘవులికీ పదేళ్ళ పైబడి మాటల్లేవు.

అప్పుడెప్పుడో మంచుపట్టిన ఉదయం, ఎవరో పడవవాళ్ళు కేకేసినట్టనిపించి, గంట లేకుండానే రాఘవులు ఇంజన్ తగ్గించేశాడు. లాంచీ వాలుకి కొట్టుకుపోయి ఇసుకమేటని రాసుకుంది. నరసింహస్వామి దబదబా కిందికి దిగి వచ్చాడు.

"గంట కొట్టేనా నేను? ఎవడు ఆపమన్నాడ్రా నిన్ను?"

కోనసీమలో కొబ్బరికాయల దొంగ చెట్టుమీద దొరికిపోయినా 'కాస్త దిగండి' అనే అంటారు. అలాంటిచోట, లాంచీ నిండా జనం చూస్తుండగా, పెళ్ళాం పిల్లలున్న మనిషిని 'రా' అన్నాడు. పడవ నిజంగా ఉందో లేదో ఒక్కరూ అడగలేదు. గంట మోగందే ఇక చెయ్యి వెయ్యనని రాఘవులు ఆ రోజే ఒట్టుపెట్టుకున్నాడు. ఆ 'రా'ని కడుపులో పెట్టుకుని పెంచాడు. అది పెద్దదయింది.

ఇప్పుడేమో ఎగువన వంతెన పూర్తి కావచ్చింది. దానిమీద బస్సులు తిరగడం మొదలైతే లాంచీ ఎక్కేవాడుండడు. ఆపేస్తున్నామని యజమాని కబురు పంపాడు. పని పోతుందని సూర్యావతి ఏడ్చింది. రాఘవులికి ఆ దిగులు లేదు. లాంచీ ఆగిపోయేలోగా సరంగు నోటితోనే 'డ్రైవరు గారూ' అనిపించుకోవాలి. అది జరక్కపోతే ఆ 'రా' తనతోపాటే కాటికి వస్తుందని అతని భయం.

మధ్యాహ్నం ట్రిప్పుకి జనం ఎక్కుతున్నారు. అరటిగెలలు, సైకిళ్ళు, కొబ్బరికాయల బస్తాలు పైన దబదబలాడుతున్నాయి. కళాసీ సత్తిబాబు నిచ్చెన దిగి వచ్చాడు.

"సరంగు గారు మిమ్మల్ని ఓసారి పైకి రమ్మంటన్నారండి."

"దేనికి?"

"రేపట్నుంచి రారంటండి ఆయన. ఒంట్లో బాగోలేదంట. మీతో ఓ మాట మాట్లాడాలన్నారండి."

"తిట్టడానికి దిగిన కాళ్ళేగా. ఇప్పుడూ దిగమను."

"దిగలేకపోతన్నారండి. మొహం అదోలా ఉంది. పెద్దాయన కదండి, మీరే ఓ మెట్టు ఎక్కండి."

రాఘవులు గుడ్డని పిండి పైపుమీద ఆరేశాడు. "నేను గంటకి పలికే మనిషినయ్యా. గంట కొట్టమను, వస్తాను."

"ఎన్ని కొట్టమంటారండి?"

"నాలుగు."

లాంచీలో నాలుగుకి అర్థం లేదు. అందుకే అడిగాడు. అందరూ వినేలా కొత్త గంట ఒకటి తనకోసం మోగాలి. సత్తిబాబు ఎక్కి వెళ్ళి, మళ్ళీ తల ఒక్కటే కిందికి వంచాడు.

"ఆయ్, అవతలి రేవు రానిచ్చి కొడతానన్నారండి. నవ్వేరు కూడానండి."

ఆ నవ్వే రాఘవుల్ని మండించింది.

గంట ఒకటి మోగింది. లాంచీ కదిలింది. రాఘవులు గేరు రాడ్డు పక్కన కూర్చుని గంటనే చూస్తూ ఉండిపోయాడు. నది సగం దాటాక అలల దెబ్బ మారింది. ఇంకాసేపటికి బురదవాసన వచ్చింది. రేవు దగ్గరపడింది. ఈపాటికి రెండు మోగాలి.

ఒకటి మోగింది.

ముందుకేగా వెళ్తున్నాం, మళ్ళీ ముందుకేమిటి? నాలుగులో మొదటిదన్నమాట. రాఘవులు మిగతా మూడింటికోసం చెవి పెట్టాడు. రాలేదు. కావాలనే ఆపాడనుకున్నాడు. తను కంగారుపడి ఇంజన్ ఆపాలి, ఆయన దిగి వచ్చి మళ్ళీ 'రా' అనాలి. చెయ్యి రాడ్డు దాకా వెళ్ళింది. వెనక్కి లాక్కుని ఒళ్ళో పెట్టుకున్నాడు. కొట్టు చూద్దాం, అన్నాడు పైకే.

లాంచీ రేవు పక్కనున్న బురదలోకి ఎక్కేసింది. జనం ఒకరిమీద ఒకరు పడ్డారు. కొబ్బరికాయలు దొర్లాయి. సత్తిబాబు నిచ్చెనమీంచి దూకినంత పని చేశాడు.

"ఆపండి, డ్రైవరు గారూ, ఆపండి."

"గంటేదీ?"

"కొట్టే ఆయన లేరండి."

రాఘవులు ఇంజన్ ఆపి, పదేళ్ళ తర్వాత సరంగు గది మెట్లెక్కాడు. నరసింహస్వామి చుక్కాని చక్రంమీద చెంప ఆనించి ఉన్నాడు, కునుకు తీస్తున్నట్టే. వేళ్ళు గంటతాడుని వదల్లేదు. దెబ్బలు తగిలినవాళ్ళు కింద తిడుతున్నారు. తిట్లన్నీ డ్రైవరుకే, అదీ 'రా' పెట్టి. అతనికవి వినపడలేదు. ఆ ఒక్క గంటే చెవిలో ఉంది. ఆపమనే రెండులో మొదటిదా, రమ్మనే నాలుగులో మొదటిదా? అడుగుదామంటే మనిషి లేడు. రాఘవులికి ఏడుపు రాలేదు, కోపం వచ్చింది. చెప్పకుండా పోయాడనే కోపం. ఆ వెనకే, తను ఆపి ఉండొచ్చన్నది తెలిసింది.

జనం సరంగుని చాపమీద దించుకుపోయారు. దిగే బల్లమీద మొదట దాటింది ఆయనే.

రాఘవులు కూర్చుందామని గది కలయజూశాడు. సరంగు ముందు ఎవరూ కూర్చోకూడదు, అందుకని అక్కడ ఒక్క స్టూలే ఉంటుంది. ఇవాళ రెండున్నాయి.

"పొద్దున్నే జయమ్మ గారి హోటల్లో అడిగి తెమ్మన్నారండి," అన్నాడు సత్తిబాబు. "ఎవరికో చెప్పలేదండి."

చక్రం పక్కన, సరంగు స్టూలుకి ఎదురుగా, తడిగుడ్డతో శుభ్రంగా తుడిచిపెట్టిన ఆ హోటల్ స్టూలు ఖాళీగా ఉంది.