గడియారం చెప్పిన అబద్ధం

కాలేజీలో ఆయన్ని గడియారం అనేవారు. తత్వశాస్త్రం పాఠం చెప్పే మాస్టారు. జర్మన్ తత్వవేత్త కాంట్ అంటే ప్రాణం. ఆ మహానుభావుడు రోజూ ఒకే వేళకు షికారుకు బయలుదేరేవాడనీ, ఆయన్ని చూసి చుట్టుపక్కలవాళ్ళు గడియారాలు సరిచేసుకునేవారనీ చెప్పుకుంటారు. ఈయనా అంతే. సాయంత్రం ఐదుంపావుకు చెప్పులు తొడుక్కుని గేటు దాటితే భూకంపం వచ్చినా వెనక్కి తిరిగేవాడు కాదు.

అదే కాలేజీలో, అదే గదిలో, ఎదురు బల్ల దగ్గర కూర్చునే ఆయన బావమరిదిని తక్కెడ అనేవారు. అతనిది బెంథామ్ పక్షం. ఒక పని మంచిదో చెడ్డదో తేల్చాలంటే, దానివల్ల ఎంతమందికి ఎంత సుఖం, ఎంత దుఃఖం కలుగుతుందో తూచి చూడాలి, మిగతాదంతా ఊకదంపుడు అని అతని వాదన.

ఇద్దరి మధ్యా అడకత్తెరలో పోకచెక్కలా ఆమె. గడియారానికి భార్య, తక్కెడకు అక్క. ఆస్పత్రి ల్యాబులో ఇరవైరెండేళ్ళుగా టెక్నీషియన్. ప్రతి ఆదివారం భోజనాల దగ్గర బావా బావమరుదులు కొమ్ములు కుమ్ముకుంటుంటే వినీ వినీ, ఆ తత్వవేత్తలంతా ఆమెకు పిలవని పేరంటానికొచ్చి ఇంట్లో తిష్ఠ వేసిన చుట్టాల్లా అయిపోయారు. కంటికి కనబడేదంతా నీడే, అసలుది వేరే ఉందన్న ప్లేటో. అన్నిటినీ అనుమానిస్తూ పోయి, అనుమానించే నేనైతే ఉన్నాను కదా అని అక్కడ కాలు నిలదొక్కుకున్న డెకార్ట్. ఆ 'నేను'ను వెతకబోతే వేడో చలో బాధో సంతోషమో తగులుతాయి తప్ప వాటి వెనక మనిషి దొరకడం లేదన్న హ్యూమ్.

"ఇంతమందిలో ఒక్కడూ కంచం తీసిన పాపాన పోలేదు" అనేది ఆమె.

ఇద్దరూ నవ్వేవారు. ఆ నవ్వుల్లో పళ్ళు కనిపించేవే గాని ప్రేమ కనిపించేది కాదు.

అసలు పగ పుస్తకాలది కాదు. తొమ్మిదేళ్ళ క్రితం ఆమె తండ్రి గుండెజబ్బుతో ఆస్పత్రిలో ఉండగా, ఆయన పెద్ద కొడుకు రోడ్డు ప్రమాదంలో పోయాడు. ముసలాయనకు చెప్పొద్దని ఇంటిల్లిపాదీ అనుకున్నారు. మర్నాడు పొద్దున ఆయన కళ్ళు తెరిచి, మంచం పక్కనున్న అల్లుణ్ణి అడిగాడు. "పెద్దాడు రాలేదేం?"

గడియారం చేతులు కట్టుకుని నిలబడి, ఉన్నదున్నట్టు చెప్పేశాడు.

ముసలాయన గోడవైపు తిరిగి పడుకున్నాడు. మళ్ళీ ఇటు తిరగలేదు. మూడో రోజు పోయాడు. వరండాలో తక్కెడ బావ కాలరు పట్టుకుంటే, గడియారం ఆ చెయ్యి నెమ్మదిగా విడిపించుకుని పాఠం చెప్పినట్టే చెప్పాడు. "అడిగినవాడికి అబద్ధం చెప్పడమంటే వాణ్ణి మనిషిగా లెక్క చెయ్యకపోవడం. చంపడానికి కత్తి పట్టుకొచ్చినవాడు అడిగినా సరే, అబద్ధం ఆడకూడదన్నాడు కాంట్."

ఆమె ఆ మాట మరిచిపోలేదు. క్షమించనూ లేదు. కానీ కాపురం కాపురమే. ఏళ్ళు గడిచిన కొద్దీ ఒక్క విషయం మాత్రం గట్టిగా పట్టుకుంది. ఈ మనిషి రాయే కావచ్చు, నాకు మాత్రం ఎన్నడూ అబద్ధం చెప్పడు. ఆ ఇంట్లో ఆమెకు మిగిలిన నమ్మకం అదొక్కటే.

ఈ ఏడు ఆమె గొంతు దగ్గర చిన్న గడ్డ తేలింది. డాక్టరు సూదితో కొన్ని కణాలు తీసి స్లైడ్ల మీద పూసి పంపాడు. అవి ఆమె పనిచేసే ల్యాబుకే వచ్చాయి. రంగు పట్టించాల్సిన ట్రేలో తన నంబరు తనకే కనబడింది. పక్కన పనిచేసే అమ్మాయికి ఇచ్చేయొచ్చు. ఇవ్వలేదు. తనే రంగులో ముంచింది, కడిగింది, ఆరబెట్టింది, మైక్రోస్కోపు కింద పెట్టింది.

ఇరవైరెండేళ్ళలో వేల స్లైడ్లు చూసిన కన్ను. రిపోర్టు రాసే అధికారం లేదు గాని, గుర్తుపట్టడానికి అధికారం ఎందుకు? కణాలు ఒకదాని మీదొకటి ఎక్కి గుంపులు కట్టి ఉన్నాయి. క్యాన్సరే. స్లైడు తీసి మిగతావాటి మధ్య యథాస్థానంలో పెట్టి, ల్యాబు డాక్టరమ్మ బల్ల మీదకు పంపింది. తర్వాత చాలాసేపు చేతులు కడుక్కుంది.

మర్నాడు డాక్టరమ్మ తేలు కుట్టిన దొంగలా తిరిగింది. "ఇంకా చూడలేదమ్మా, పని ఎక్కువగా ఉంది" అంది మొహం పక్కకు తిప్పుకుని. మధ్యాహ్నం పన్నెండింటికి, కాలేజీలో క్లాసు చెబుతూ ఉండాల్సిన గడియారం ఆ డాక్టరమ్మ గదిలోంచి చేతిలో కవరుతో బయటికి రావడం ఆమె మెట్ల మీంచి చూసింది. పిలవలేదు.

సాయంత్రం ఇంటికెళ్ళి, చెప్తాడని చూసింది. ఆయన పేపరు చదువుకుంటున్నాడు. చివరికి తనే అడిగింది. "డాక్టరమ్మ ఏమైనా ఫోన్ చేసిందా?"

"చేసింది. ఏం లేదట. మామూలు గడ్డేనట. ఆపరేషన్ చేసి తీసేస్తే పోతుందంది."

అలవాటు లేనివాడు అబద్ధమాడితే నోరు తడబడుతుందంటారు. ఆయన నోరు తడబడలేదు. పేజీ తిప్పి, ఐదుంపావయిందని లేచి, చెప్పులు తొడుక్కుని షికారుకు వెళ్ళాడు.

పొద్దున మళ్ళీ అడిగింది. "నిజంగా ఏం లేదన్నారా?"

"నీకు నేనెప్పుడైనా అబద్ధం చెప్పానా?" అన్నాడాయన.

ఆ మాటకు ఆమె చేతిలోని గ్లాసు ఠక్కున బల్ల మీద పెట్టింది. గొంతులో గడ్డ ఉందని తెలిసినప్పుడు కూడా ఆమెకు అంత కోపం రాలేదు. గడ్డకు మనసు లేదు కదా.

ఆదివారం తమ్ముడు వచ్చాడు. ఆమె బజారుకు బయలుదేరి, సగం దారిలో సంచీ మరిచిపోయానని గుర్తొచ్చి వెనక్కి తిరిగింది. ముందు గదిలోంచి మాటలు వినిపించి గుమ్మం అవతలే ఆగిపోయింది.

"పదిరోజులాగు బావా" అంటున్నాడు తమ్ముడు. "హాస్టల్లో మీ అమ్మాయి పరీక్షలు అయిపోతాయి. అప్పుడు ఇద్దరికీ ఒకేసారి చెబితే ఏడుపు ఒకసారితో పోతుంది. ఇప్పుడు చెబితే అక్క ఏడుపు, దాన్ని చూసి అమ్మాయి ఏడుపు, పైగా పరీక్ష పోతే అదో ఏడుపు. తూచి చూడు."

"పదిరోజులు కాదు, అసలు చెప్పక్కర్లేదు. మామూలు గడ్డే అని చెప్పి ఆపరేషన్ చేయిద్దాం. డాక్టరమ్మ కూడా సరేనంది."

తమ్ముడు కిసుక్కున నవ్వాడు. "ఏం బావా, కాంట్ సెలవు పెట్టాడా? మా నాన్న దగ్గర లేని దయ ఇప్పుడెక్కణ్ణుంచి పుట్టుకొచ్చింది?"

"మీ నాన్న సంగతి వేరు."

ఆమె లోపలికి వచ్చింది.

"ఎందుకు వేరు?"

ఇద్దరూ కుర్చీల్లోంచి లేచారు. తమ్ముడు "అక్కా, అది కాదు..." అని మొదలుపెట్టాడు.

"నువ్వు కూర్చో. నీ వంతు తర్వాత." మొగుడివైపు తిరిగింది. "ఎందుకు వేరు? కత్తి పట్టుకుని వచ్చినవాడికైనా అబద్ధం చెప్పకూడదన్నారే, నేనేం పట్టుకుని వచ్చాను? పక్కింటిదాన్నా, దారినపోయేదాన్నా?"

"నువ్వు తట్టుకోలేవని..."

"మా నాన్న తట్టుకోగలడని ఎవరు చెప్పారు మీకు? ఆ స్లైడుకి రంగు వేసింది నేను. నా చేతుల్తో. మీ చేతికి ఆ కవరు రాకముందు రోజే నాకు తెలుసు. మీరు చెప్తారేమోనని చూశాను. రెండుసార్లు అడిగాను. రెండుసార్లూ నున్నగా అబద్ధమాడారు. ఇరవయ్యారేళ్ళుగా అబద్ధం చెప్పని మొగుడని మురిసిపోయాను. అవసరం రాలేదంతే!"

తమ్ముడి ముఖంలో సంతోషం తొంగిచూసింది. బావ ఓడిపోవడం అతను తొమ్మిదేళ్ళుగా ఎదురుచూస్తున్న పండగ. అది ఆమె కంట పడింది.

"నవ్వకురా. నువ్వేమైనా తక్కువా? నా చావుబతుకులు తక్కెట్లో వేసి ఏడుపులు లెక్కపెడుతున్నావు. ఎవరి తక్కెడరా అది? రాళ్ళేయమని నిన్నెవరు పిలిచారు?"

"నీ మంచికేగా అక్కా!"

"నా మంచి నన్నడిగావా? పో. ఇద్దరూ పోండి. ముందా కవరు ఇక్కడ పెట్టి పోండి."

తమ్ముడు విసురుగా లేచి, "మంచికి పోతే చెడెదురైంది" అని గొణుక్కుంటూ వెళ్ళిపోయాడు. గడియారం బీరువాలోంచి కవరు తెచ్చి బల్ల మీద పెట్టి, ఇంకా పదకొండైనా కాకుండానే షికారుకు వెళ్ళినట్టు బయటికి నడిచాడు. ఆమె కూతురికి ఫోన్ చేసి సంగతంతా చెప్పింది. ఆ పిల్ల ఏడ్చింది, ముక్కు చీదింది, తర్వాత ఆపరేషన్ ఎప్పుడని అడిగింది. పరీక్షలూ రాసింది.

ఆపరేషన్ కాగితం మీద ఆమె తనే సంతకం పెట్టింది. గడ్డ మొత్తం తీసేశామని, ఇది చాలావరకు నయమయ్యే రకమేనని సర్జను చెప్పాడు. కానీ గడ్డ తీసేటప్పుడు నరం నలిగి గొంతు పోయింది. కొన్ని వారాలు గుసగుస కూడా పలకదు, తర్వాత మెల్లగా వస్తుందన్నారు. నర్సు ఒక పలక లాంటి అట్ట, మార్కరు పెన్ను ఇచ్చింది.

రెండో రోజు పొద్దున్నే గడియారం వచ్చి మంచం పక్కన స్టూలు మీద కూర్చున్నాడు. గడ్డం గీసుకోలేదు. ఆమె జవాబు చెప్పే వీల్లేదు గనకేమో, ఆయన చాలాసేపు మాట్లాడాడు. పుస్తకాల్లో మాటొక్కటీ లేదు.

"భయమేసింది నాకు" అన్నాడు. "నీకు చెబితే అది నిజమైపోతుందనిపించింది. నువ్వు లేని ఇల్లు తలుచుకుంటే కాళ్ళూ చేతులూ ఆడలేదు. న్యాయం, నియమం ఏదీ గుర్తు రాలేదు. ఒట్టు."

ఆమె ఆయన ముఖంలోకి చూసింది. నిజమే చెబుతున్నాడు. అట్ట అందుకుని రాసింది.

"మా నాన్నకు చెప్పినప్పుడు భయం వెయ్యలేదా?"

ఆయన చదివాడు. మళ్ళీ చదివాడు. తప్పించుకోవడానికి ఆయన దగ్గర మాటలకు కొదవ లేదు. ఒక్కటీ వాడుకోలేదు.

"లేదు" అన్నాడు.

ఆమె తల ఆడించింది. ఆ నమ్మకం అడుగున ఇన్నేళ్ళూ ఆమె ఒక ఊహ దాచుకుంది, ఆరోజు ఆయనకూ లోపల రంపపుకోత ఉండే ఉంటుంది, నియమం కోసం దిగమింగి ఉంటాడని. అదేం లేదు. తన తండ్రి ప్రాణం ఆయనకు ఏమీ కాదు కాబట్టి నిజం సులువుగా నోట్లోంచి వచ్చింది. తనకేదో పోతుందనుకున్న మొదటిసారే అబద్ధమాడాడు. ఆమె అట్ట మీది అక్షరాలు అరచేత్తో తుడిచి, కింద ఒక్క మాట రాసింది.

"వెళ్ళండి."

ఆయన వెళ్ళాడు.

ఆరు వారాలకు గొంతు వచ్చింది, పాతదానికంటే కాస్త బొంగురుగా. ఉద్యోగంలో చేరిన రోజునే డాక్టరమ్మతో పోట్లాట పెట్టుకుంది. మనిషి బతికుండగా, తెలివిలో ఉండగా, ఆ మనిషి రిపోర్టు ఇంకొకరి చేతిలో పెట్టడానికి వీల్లేదంది. "నీ మీద ప్రేమతోనే కదమ్మా" అని డాక్టరమ్మ నొచ్చుకుంది. "ప్రేమ ఇంటి దగ్గర పెట్టుకుని రండి" అంది ఆమె. అప్పట్నుంచి కౌంటరు దగ్గరికొచ్చిన మొగుళ్ళతో, కొడుకులతో, అన్నదమ్ములతో రోజూ గొడవే. గయ్యాళి అని పేరొచ్చింది. ఆస్పత్రివాళ్ళు రెండు మెమోలిచ్చారు. ఆమె తగ్గలేదు.

గడియారం, ఆమె అదే ఇంట్లో ఉన్నారు. గదులు వేరు. గ్యాసు అయిపోయింది, కరెంటు పోయింది, అమ్మాయి ఫోన్ చేసింది. మాటలు అంతవరకే. తమ్ముడు ఆదివారాలు రావడం మానేశాడు. కాలేజీలో మాత్రం ఆ ఇద్దరూ ఎదురెదురు బల్లల దగ్గరే కూర్చుంటారు, పాఠాలు చెబుతారు. ఎవరిది ఒప్పు అన్న వాదన ఇంకా తెగలేదట. ఆ సంగతి ఎవరో చెబితే ఆమె విని, కౌంటరు మీది తర్వాతి కవరు అందుకుని దాని మీది పేరు పైకి చదివి పిలిచింది.