ఊటతొట్టిలో మన్ను

"అమ్మ పదింటికి దిగుతదట. జర ఇల్లంత సాపుగ ఉండాలె" అన్నాడు పరశురాం, పేపరు మీది నుంచి కళ్లెత్తకుండా. ఎవరు సాపు చెయ్యాలో అనలేదు. ఇరవై ఏళ్ల కాపురంలో ఆ ముక్క అనవలసిన అవసరం అతనికి రాలేదు.

గ్లోరీ పొయ్యి గట్టు తుడుస్తోంది. అత్త జానమ్మ కట్టంగూరు బస్సు దిగి వచ్చి, చెప్పులు విడవకముందే కిటికీ చువ్వ మీద వేలు రాసి చూస్తుంది. చూసి ఏమీ అనదు. ఆ వేలిని కొంగుకు తుడుచుకుంటుంది, నెమ్మదిగా, కోడలు చూసేదాకా. ఒకసారి మాత్రం పక్కింటావిడతో, గ్లోరీకి వినబడే దూరం చూసుకుని మరీ అన్నది: "ఇంజనీరు కోడలంటే గిట్లనే ఉంటది మరి. కట్టలు చూస్తది, కసువు కనబడదు."

కట్టలు చూడటమే గ్లోరీ ఉద్యోగం. నల్లగొండ దగ్గరి ఒక జలాశయం మట్టికట్టలో పాతిన పరికరాలన్నీ సహాయ ఇంజనీరుగా ఆమె బాధ్యత. కట్ట లోపల నీటి ఒత్తిడి ఎంతుందో చెప్పే పీజోమీటరు గొట్టాలు కొన్ని. దిగువన, కట్టలోంచి ఊరిన నీరంతా వచ్చి చేరే సిమెంటు తొట్టి ఒకటి. మట్టికట్ట అన్నాక ఊరుతుంది, అందులో తప్పేమీ లేదు. తేట నీరు ఊరినంత కాలం కట్ట కింది ఊళ్లు నిశ్చింతగా ఉండవచ్చు. నీటితోపాటు మన్ను రావడం మొదలైందంటే మాత్రం కట్ట లోలోపల గుల్లవుతున్నదని అర్థం. ఈ పని తనకెందుకు వచ్చిందో గ్లోరీకి తెలుసు. కాలువలూ తూములూ కాంట్రాక్టులూ ఉన్న పనులను మగవాళ్లు పంచుకోగా, ప్రారంభోత్సవం లేని పని, రోజూ చేసినా ఎవరికీ కనబడని పని, చెయ్యకపోతే మాత్రం లోకమంతా వేలెత్తి చూపే పని మిగిలింది. "మేడమ్‌కు ఓపికెక్కువ. ఇంట్ల అలవాటే గద" అంటూ ఆ ఉత్తర్వు మీద సంతకం పెట్టాడు డివిజను పెద్ద ఇంజనీరు వీరేశం. గదిలో అందరూ నవ్వారు. ఆమె కూడా నవ్వింది. ఆ నవ్వు ఇప్పటికీ గుర్తొస్తే ఆమెకు నోరు చేదవుతుంది.

ఈ ఏడు జలాశయం నిండినప్పటి నుంచి తొట్టి అడుగున సన్నటి ఎర్రమన్ను పేరుకుంటోంది. తొట్టికి మూత ఉంది కనుక అది వాన తెచ్చినది కాదు. అక్కడికి దగ్గరి గొట్టాల్లో ఒత్తిడి కూడా ఎక్కుతోంది. ఆమె పైకి రాసింది. హైదరాబాదు నుంచి పరిశీలకులు వచ్చారు. కానీ ఆ డివిజనులో ఒక ఆచారం ఉంది. పెద్దవాళ్లు వస్తున్నారంటే కట్ట మీది ముళ్లకంప కొట్టిస్తారు, మైలురాళ్లకు సున్నం వేయిస్తారు, ఊటతొట్టిని అడుగంటా కడిగిస్తారు. ఆ మన్ను ఒక్కపూటలో కనబడేది కాదు, వారాలపాటు పేరుకుంటేనే కంటికి ఆనుతుంది. అద్దంలాంటి తొట్టిలోకి తొంగిచూసి, "మన్నెక్కడమ్మా?" అని అడిగారు వాళ్లు. గొట్టాలు చెప్పేదాన్ని పాత పరికరాల పొరపాటుగా రాసుకుని వెళ్లారు. ఎవరూ అబద్ధం ఆడలేదు. శుభ్రం చేశారు, అంతే.

ఆమె పట్టువిడవక మళ్లీ రాస్తే, రెండు నెలల తర్వాత ఆ పరిశీలకులే ఇవాళ మళ్లీ వస్తున్నారు. తొట్టి కడగవద్దని నిన్న ఆమె వీరేశాన్ని బతిమాలింది. "సుట్టాలొస్తుంటె చెత్త నట్టింట్ల పెడ్తమా మేడమ్? నిండుకుండ అసొంటి ప్రాజెక్టు. మన్ను జూసి వాళ్లు నీళ్లు దించుమంటె రైతులకు మీరు చెప్తరా, నేను చెప్పాల్నా? బదిలీ గిట్ల కావాల్నంటె సీదా అడుగుండ్రి, చేయిస్త" అన్నాడు నవ్వుతూ.

ఇప్పుడు గట్టు తుడుస్తూనే ఆ సంగతంతా మొగుడి చెవిన వేసింది.

"కడగమన్నది ఆయన. నీకెందుకు ఫికరు?" అన్నాడు పరశురాం. "నిన్ను ఏడనో దూరం పడేస్తే అమ్మను ఎవరు చూస్తరు?"

కట్ట కింద ఊళ్లున్నాయని గానీ, అంత దూరంలో ఆమె ఎట్లా ఉంటుందని గానీ అతనికి తోచలేదు. ఆమెకు కోపం కూడా రాలేదు. కోపానికి కావలసిన సత్తువ ఈపాటికి పొయ్యి గట్టుకూ, కిటికీ చువ్వలకూ, పీజోమీటర్లకూ సరిపోయింది. చేతిలోని గుడ్డ అక్కడే పెట్టి బండి తాళం తీసుకుంది.

కట్ట దిగువన తొట్టి మూత అప్పటికే తీసి ఉంది. కూలిమనిషి కృష్ణమ్మ బకెట్టుతో, చీపురుతో మెట్టు దిగబోతోంది.

"ఏంది మేడమ్, సారు ఫోన్ల మీద ఫోన్లు! అద్దం లెక్క మెరువాల్నంట. వచ్చేటోళ్లు అండ్ల మొఖం జూస్కోని పౌడర్ ఏస్కుంటరా ఏంది?"

"ఆగు కృష్ణమ్మా. పొరక ఇటియ్యి."

"నువ్వూడుస్తవా?"

"ఎవ్వరం ఊడ్వం. సారడిగితే మేడమ్ గుంజుకున్నదని చెప్పు. నీ మీదికి మాట రావొద్దు."

కృష్ణమ్మ ఆమె ముఖంలోకి ఒకసారి చూసి, చీపురు చేతికిచ్చి, బకెట్టు బోర్లించి దాని మీద కూర్చుంది. "మంచిగైంది. నడుములు పడిపోతున్నయి" అన్నది. గ్లోరీ తొట్టి గట్టు మీద కూర్చుంది. చేతిలో చీపురు ఉండి కూడా ఊడ్వకుండా కూర్చోవడం ఆమె జీవితంలో ఇదే మొదలు. వెనక కొండలా కట్ట, ఎదురుగా వరిపొలాలు, వాటి అవతల డాబాల మీద ఆరేసిన బట్టలు కనిపిస్తున్నాయి.

జీపులు వచ్చి ఆగాయి. నలుగురు పరిశీలకులను వెంటబెట్టుకుని వీరేశం దిగాడు. అతని చూపు తొట్టి అడుగున ఎర్రగా పరుచుకున్న మన్ను మీద, ఆ తర్వాత గ్లోరీ చేతిలోని చీపురు మీద పడింది. పక్కవాళ్ల వైపు తిరిగి పెద్దగా నవ్వాడు.

"ఏంది మేడమ్, ఇద్దరిద్దరు ఆడోళ్లుండి గింత చెత్త పెట్టిండ్రు!"

వాళ్లు కూడా నవ్వబోయారు. గ్లోరీ లేచి నిలబడింది. ఈసారి నవ్వలేదు.

"అది చెత్త గాదు సార్" అన్నది, అందరికీ వినబడేటట్టు. "మన కట్ట."