మసిగోడ మీద సముద్రం

నాకు ముక్కు మీద కోపం అంటారు. మీరే చెప్పండి, పండుగ ముందురోజు చెల్లెలి ఊరి నుంచి తిరిగొచ్చేసరికి మీ వంటింటి గోడను మీ కోడలు తెల్లగా తోమిపారేసి ఉంటే, మీరైతే ముద్దుపెట్టుకుంటారా?

మా రొదోప్ కొండల్లో మసిగోడ అంటే మాటలు కాదు. శీతాకాలమంతా పొయ్యి పొగ తిని సున్నపు గోడ నల్లబడుతుంది. దాన్ని ఎవరూ ముట్టుకోరు. చలి పోయాక వచ్చే గెర్గియోవ్‌డెన్ పండుగ ముందురోజు రొట్టెపిండి ముద్దతో ఆ మసిని తుడుస్తూ బొమ్మ తీస్తాం. తుడిచినచోట గొర్రెపిల్లో, పువ్వో తెల్లగా తేలుతుంది. మసి తీయడమే తప్ప రంగు పూయడం, గీత గీయడం లేదు. కొత్తకోడలు తీసిన మొదటి బొమ్మను ఊరి ఆడవాళ్ళు చూసి బాగుందన్నాకే ఆమె చేతికి ఇంటి రొట్టె కలిపే పిండితొట్టి ఇస్తాం. అంతవరకూ ఆమె ఇంట్లో చుట్టమే. ఈసారి తప్పితే మళ్ళీ ఏడాది ఆగాలి.

"గోడ మీద బొమ్మ ఉండాలన్నారు కదా అత్తయ్యా. ముందు గోడ శుభ్రంగా ఉండాలేమో అనీ..." అంది నెవేనా, బూడిదనీళ్ళకు ఎర్రబడిన చేతులు వెనక దాచుకుంటూ.

"నా కొంప ముంచావు కదే. ఇప్పుడు దేన్ని తుడుస్తావు, నా మొహాన్నా?"

ఆ పిల్లది సముద్రం ఒడ్డున సొజోపోల్ అనే ఊరు. కాపురానికి వచ్చిన దగ్గర్నుంచి 'ఊ', 'సరే' తప్ప మాట లేదు. మూగమొద్దు అనుకున్నాను. ఇప్పుడు కన్నీళ్ళు జలజలా రాలుతున్నాయి.

"అయితే ఇంకో ఏడాది నేను పరాయిదాన్నేనా అత్తయ్యా?"

ఒళ్ళు మండుతూనే ఉంది గానీ, ఆ మాటకు తలెత్తి గోడ పైకంటా చూశాను.

పీట ఎక్కి తోమినా చెయ్యి అందినంత మేరే తెల్లబడింది. పైన, కప్పు కింద మూరెడు మసి మిగిలింది. పిండిముద్ద ఆమె చేతిలో పెట్టి, "అదైనా ఉంది. ఓ వరస పూలు తియ్యి" అన్నాను.

పీట మీద పీట వేసి నేను పట్టుకుంటే ఎక్కింది. చాలాసేపు కింద తెల్లటి గోడకేసి చూసింది. తర్వాత మసి అంచును ఈ చివర నుంచి ఆ చివరకు సాపు చేసి, పైన మసిలో రెక్కలు చాచిన పక్షుల్ని తుడవసాగింది.

"పూలు తియ్యమంటే ఈ కాకులేమిటే?"

"కాకులు కావత్తయ్యా. మా ఊరి పక్షులు."

మర్నాడు ఆడవాళ్ళంతా వచ్చారు. పక్కింటి గినాకు ఎవరి గోడ చూసినా ఏదో ఒక వంక పెట్టందే తోచదు. మూతి మూడు వంకర్లు తిప్పింది.

"బొమ్మేది, దాఫినా? పైన నాలుగు పిట్టలు, కిందంతా ఖాళీ."

నోట్లో నాలుక లేదనుకున్న పిల్లే ముందుకొచ్చింది.

"ఖాళీ కాదు పిన్నిగారూ. అదే సముద్రం."

మాలో సముద్రం చూసినవాళ్ళు ఒక్కరూ లేరు. అందరూ ఈ మూల నుంచి ఆ మూలకు తలలు తిప్పుతూ చూశారు.

"ఇంతుంటుందా?" అని ఎవరో అడిగారు.

"గోడ సరిపోలేదండి" అంది నెవేనా.

"మరి పడవలేవీ?" గినా వదలదు కదా.

నేనందుకున్నాను. "చేపలకు పోయాయి. కూర్చో, సాయంత్రానికి వస్తాయి."

అందరూ పకపకా నవ్వారు. గినా కూడా నవ్వు ఆపుకోలేక, "బాగుందిలే" అని జున్ను పెట్టి కాల్చిన బనిత్సా ముక్క అందుకుంది. అమ్మయ్య అనుకున్నాను.

వాళ్ళు వెళ్ళాక పిండితొట్టి తెచ్చి నెవేనా చేతుల్లో పెట్టాను. గుండెకు హత్తుకుంది. నా చూపు మాత్రం గోడ మీదే ఉంది.

"నిజంగా ఇంత పెద్దదా?"

"ఇంకా పెద్దది అత్తయ్యా. అవతలి ఒడ్డే కనబడదు."

"అంత సముద్రాన్ని వదిలి నా పొగగూట్లోకి వచ్చావా?"

నెవేనా కళ్ళు తుడుచుకుని, మాంసం వండాలని పొయ్యి దగ్గర కూర్చుని అగ్గిపుల్ల తీసింది. నేను చెయ్యి పట్టుకుని ఆపాను.

"లోపల వద్దు. మళ్ళీ పొగచూరుతుంది. ఈ ఎండాకాలమంతా పెరట్లో వండుకుందాం."