గేటు దగ్గర ఎవరూ లేని నాలుగు రోజులు

బయట ఎండ చురుక్కుమంటుంటే, మంచు గదిలో ఆడుకోవడానికి టికెట్లు కొనుక్కొని వరుసలో నిలబడ్డ జనాన్ని చూసి జయశీలకు నవ్వాగలేదు. ఆ రోజు డిసెంబరు ఇరవై ఎనిమిది. పటాన్‌చెరులో అయితే పొద్దున్నే స్వెట్టర్లు తొడుక్కొని, చేతులు రుద్దుకుంటూ మొదటి షిఫ్టుకు పోతుంటారు. ఆ చలి నుంచి బయటపడి రాత్రంతా బస్సులో ఊగి విశాఖపట్నం రావడం, వచ్చి మళ్లీ చలి కోసం వరుస కట్టడం. మనిషి తిక్కకు మందు లేదు.

అయినా ఆమె కూడా వరుసలో నిలబడింది. ఆమె పనిచేసే స్విచ్చులు, ప్లగ్గుల కంపెనీ నుంచి వచ్చిన నలభై రెండు మందిలో ముప్పాతిక మంది సముద్రం చూడటం అదే మొదలు. నిన్నంతా బీచిలోనే గడిపారు. మిషన్ల ముందు మొహాలు మాడ్చుకొని నిలబడే మగవాళ్లు అలలు మీదికొస్తుంటే చిన్నపిల్లల్లా కేకలు పెట్టారు. ఆడవాళ్లు చీరలతోనే నీళ్లలో కూర్చున్నారు. సాయంత్రం బీచ్ రోడ్డంతా రంగు బల్బులు, ఎర్ర టోపీల క్రిస్మస్ తాతలు, వేడి వేడి మొక్కజొన్న కంకులు. వీళ్లందరినీ తీసుకొచ్చింది నేనే కదా అని జయశీల లోలోపల మురిసిపోయింది.

నిజానికి తీసుకొచ్చింది కంపెనీ మేనేజరు ప్రభాకర్. కానీ ఎవరూ ప్రభాకర్ మొహం చూసి రాలేదు, పనివాళ్లందరికీ పెద్దదిక్కైన జయశీల మాట మీద వచ్చారు.

దసరా నుంచి పుకారు నడుస్తోంది, కంపెనీ గుజరాత్‌కు ఎత్తేస్తారని. నిప్పు లేనిదే పొగ రాదు. పక్క వీధిలో ఒక కంపెనీ యజమాని దీపావళి సెలవుల్లో మిషన్లన్నీ లారీలకు ఎక్కించాడు. సెలవులయ్యాక పనివాళ్లు వస్తే గేటుకు తాళం. ఖాళీ షెడ్డు ముందు కూర్చొని ఎన్నాళ్లు అరిచినా వినేవాడు లేడు. అది కళ్లారా చూశారు గనుక వీళ్లు ముందే జాగ్రత్తపడ్డారు. గేటు పక్కన నీలం తాడిపత్రి కట్టి, పండుగలేదు పబ్బంలేదు, వంతులవారీగా నలుగురు కాపలా కూర్చున్నారు. మిషన్లు లోపల ఉన్నంతవరకే మన మాట చెల్లుతుందని కొండాపూర్ నుంచి వచ్చే ఆపరేటర్ యాదగిరి రోజూ చెప్పేవాడు.

ఆ కాపలాను నాలుగు రోజులు ఎత్తించింది జయశీలే.

క్రిస్మస్‌కు పది రోజుల ముందు ప్రభాకర్ ఆమె ఇంటికొచ్చాడు. కొత్త మనిషేం కాదు. ఆమె భర్తకు పక్షవాతం వచ్చినప్పుడు తన కారులో సంగారెడ్డి ఆస్పత్రికి తీసుకెళ్లినవాడు, ఆయన పోయినప్పుడు చర్చి దాకా శవపేటిక మోసినవాడు. వరస కలిపి అక్కా అని పిలుస్తాడు. పుకార్లన్నీ ఒట్టివేనని, అందరూ అలసిపోయారు గనుక కంపెనీ ఖర్చుతో సముద్రం చూపిస్తానని చెప్పాడు. నమ్మకం లేకపోతే చూసుకోమన్నాడు, తన భార్యనూ బిడ్డనూ కూడా అదే బస్సులో తీసుకొస్తున్నాడట. మోసం చేసేవాడు పెళ్లాం పిల్లల్ని వెంటబెట్టుకొస్తాడా అని జయశీల ఆలోచించింది. అదే మాట అందరితో అంది. అందరూ ఒప్పుకున్నారు, ఒక్క యాదగిరి తప్ప. వాడెప్పుడూ ఉలిపికట్టే. నా మాట మీద కూడా నమ్మకం లేదా అని ఆమె అడిగాక, వాడు తలవంచుకొని తాడిపత్రి విప్పాడు.

మంచు గదిలోకి పోయేముందు అద్దె కోట్లు, రబ్బరు బూట్లు, చేతి తొడుగులు ఇచ్చారు. కోటు ఎవరి చెమట వాసనో కొడుతోంది. లోపల అడుగు పెట్టగానే చలి ముక్కుల్లోకి దూరింది. తీరా చూస్తే మంచంటే ఐసు గోలా బండి మీద రుద్దే పొడే, గది నిండా పోశారు. అయినా ఎంత సంబరం! యాదగిరి కూడా నవ్వాడు. రబ్బరు ట్యూబులో కూర్చొని జారుతూ గోడకు గుద్దుకొని, లేచి, మళ్లీ పైకి పరుగెత్తాడు. మూడు నెలల్లో వాడి పళ్లు కనబడటం అదే మొదటిసారి.

ప్రభాకర్ భార్య ప్రియాంక వణుకుతూ వచ్చి జయశీల చెయ్యి పట్టుకుంది. మంచి పిల్ల. నోట్లో నువ్వుగింజ నానదు, కడుపులో కల్మషం లేదు. ఇద్దరూ ఐసు బల్ల మీద కూర్చున్నారు. పాప ఎదురుగా మంచు బొమ్మకు ముక్కు పెడుతోంది.

"ఇగ గీ చలి మాకు ఇదే ఆఖరు అక్కా," అంది ప్రియాంక. "గుజరాత్‌ల ఆ ఊర్ల చలి అంత ఉండదంట. పాప టీసీ తీస్కున్నం, సామాన్ గూడ మొన్ననే పోయింది. మీరందరు గూడ వస్తున్నరని ఆయన చెప్తే జెర ధైర్యమొచ్చింది నాకు. లేకుంటే ఆడ మనోళ్లు ఎవరుంటరు?"

జయశీల లేచి, బూట్లు జారుతుంటే గోడ పట్టుకొని బయటికొచ్చింది. చేతి తొడుగులు పళ్లతో లాగి, కంపెనీ గేటు ఎదురుగా చాయ్ అమ్మే ఎంకమ్మకు ఫోను చేసింది.

నిన్న పొద్దున నుంచి క్రేను నడుస్తోందని ఎంకమ్మ చెప్పింది. ఆరు పెద్ద లారీలు పోయాయి, మోల్డింగ్ మిషన్లన్నీ పోయాయి, ఇవాళ కరెంటు ప్యానెళ్లు కూడా విప్పుతున్నారు. ఇంత జరుగుతుంటే ఒక్క ఫోనైనా చేయలేదేమని జయశీల అడిగింది.

"నువ్వే గదనే అందరిని తోల్కపోయినవ్," అంది ఎంకమ్మ. "నీకు తెల్వకుంట ఎట్లైతది అనుకున్న."

జయశీల ఫోను పెట్టేసింది. దీన్నే నమ్మించి గొంతు కోయడం అంటారు. ఇక్కడ ఆ గొంతు కోయించడానికి నలభై మందిని వరుసలో నిలబెట్టింది తనే.

ప్రభాకర్ బయట చెట్టు నీడలో నిలబడి కంకి తింటున్నాడు. తలమీద ఎర్ర టోపీ. ఆమె మొహం చూడగానే వాడికి అర్థమైంది. కంకి పారేసి, టోపీ తీసి, అక్కా అన్నాడు. అట్లా పిలవొద్దని, మిషన్ల సంగతి చెప్పమని ఆమె అంది. వాడు బుకాయించలేదు, అదొక్కటే వాడి గొప్పతనం. పైవాళ్లు ఎప్పుడో నిర్ణయించారట. తను కాదంటే తన ఉద్యోగం ముందు పోయేదట. కాపలా ఉండగా లారీలు వస్తే పోలీసులు, లాఠీలు, తలలు పగలడాలు. అవన్నీ తప్పించానని నిజంగానే నమ్ముతున్నాడు.

"వాళ్లు ఉత్తగ తాళం వేద్దామన్నరు. టూరు నేనే కొట్లాడి పెట్టించిన," అన్నాడు. "ఒక్కటి చెప్పక్కా. మీరందరు జిందగీల ఒక్కసారన్న సముద్రం చూసిండ్రా లేదా?"

చెంప పగలగొడదామని ఆమె చెయ్యి లేచింది. అప్పుడే ప్రియాంక పాపను ఎత్తుకొని తలుపులోంచి బయటికి వస్తోంది. జయశీల చెయ్యి దించేసింది. ప్రియాంకను కూడా వీడు నాలాగే ఎరగా వాడుకున్నాడనిపించింది.

వెనకే అందరూ బిలబిలమంటూ వచ్చారు. జుట్టులో ఐసు పొడి, ఎర్రబడ్డ ముక్కులు. ఇంకో ఆట ఆడదామంటున్నారు, గుంపుగా ఫోటో దిగుదామంటున్నారు. జయశీల చప్పట్లు కొట్టి అందరినీ దగ్గరికి పిలిచింది. దాచిపెట్టకుండా మొత్తం చెప్పింది. మిషన్లు పోయాయని, ఎంకమ్మ చూసిందని, ఇప్పుడే బయలుదేరితే మిగిలిన సామాన్లకైనా అడ్డం పడొచ్చని.

ఎవరూ అరవలేదు. ఒకామె కింద కూలబడి ఏడవడం మొదలుపెట్టింది. మిగతావాళ్లు ప్రభాకర్‌ను చూశారు, అతని పక్కనే నిలబడి ఉన్న జయశీలను చూశారు. రండి బస్సు దగ్గరికి పోదామని ఆమె అంది. ఒక్కరూ కదల్లేదు. ఆమె చెప్పిన దానికి నలభై మంది కదలకపోవడం ఆ కంపెనీలో ఎన్నడూ లేదు.

యాదగిరి ముందుకొచ్చాడు. పదకొండేళ్లుగా అక్కా అంటూ ఆమె టిఫిన్ డబ్బాలో చెయ్యి పెట్టి తిన్న పిల్లాడు. కోపంగా లేడు, కొట్టేటట్టు లేడు. చాలా నెమ్మదిగా, పెద్ద ఆఫీసరు గదిలో నిలబడి మాట్లాడినట్టు అడిగాడు.

"మీకు ఎప్పటిసంది తెలుసు, మేడం?"